దండెం మీద నాయన అంగీ

మొన్న కోడలు స్నానానికి పోయిన వేళ ఆమె ఫోన్ మోగితే నేనే ఎత్తాను. కింద ఎవరో పిల్లగాడు, పార్సెల్ తెచ్చాడట. "సర్, నీచే ఆవో" అన్నాడు. మోకాళ్ల నొప్పులు, దిగలేను, పైకే తెమ్మని హిందీలో అరిచాను. "జీ సర్" అన్నాడు. చెక్కమెట్లు కిర్రుమనిపించుకుంటూ ఎక్కివచ్చి, గుమ్మంలో నన్ను చూసి, నా భుజం మీదుగా ఇంట్లోకి తొంగిచూశాడు.

"ఆంటీ, సర్ కిధర్ హై?"

"మై హీ సర్" అన్నాను.

వాడు బిత్తరపోయి, ఆ తర్వాత నవ్వాడు. కోడలు తడిజుట్టుతో బయటికి వచ్చేసరికి ఇద్దరం గోడకు ఆనుకుని నవ్వుతున్నాం.

నా గొంతు అట్లాంటిది. బొంగురు. రాయి మీద రాయి గీసినట్టు ఉంటుంది. పెళ్ళిచూపుల్లో నన్ను నోరు తెరవద్దన్నారు. మా ఆయన నా మాట విన్నది పెళ్ళయిన మర్నాడే. విని, "లోపల ఇంకెవరన్న ఉన్నరా?" అని అడిగాడు. పాపం, మంచివాడు. ఇప్పుడు లేడు. ఈ గొంతు మా నాయనమ్మ ఇచ్చిపోయిన ఆస్తి. ఈ గొంతుతోనే ఆమె మా ఇంట్లో లేని మగవాడిని ఉన్నట్టుగా నిలబెట్టింది. ఆ సంగతి ఎప్పటినుంచో చెప్పాలని ఉంది. నాకు సంతకం వరకే చదువు. నేను చెప్తుంటే కోడలు రాస్తోంది. పాలమూరు పిల్ల, తెలుగు బడిలో చదువుకుంది.

మా పెద్దలు ఈ బొంబాయికి గోడలు కట్టడానికి వచ్చినవాళ్లు. రాయి మోసి, సున్నం కలిపి, ఎవరెవరికో మేడలు కట్టి, తాము మాత్రం ఈ కామాటిపురలో ఇంటికొక ఖోలీ, అంటే ఒక్క గది, పట్టుకుని ఉండిపోయారు. ఇట్లాంటి ఖోలీల వరసలున్న మేడనే చాల్ అంటారు. ఖోలీల ముందు ఈ కొస నుంచి ఆ కొసకు పొడుగాటి వరండా. దాన్ని గ్యాలరీ అనేవాళ్లం. నల్లా నీళ్లు అక్కడ, పిల్లలకు స్నానాలు అక్కడ, కొట్లాటలు అక్కడ. పొద్దున్నే కింద ఇరానీ బేకరీలో పావు రొట్టెలు కాలే వాసన, దానిమీద కిరసనాయిలు వాసన, ఆ రెండింటి మీద మా ఇంట్లో తంబాకు వాసన. మా నాయనమ్మ చేటలో ఆకు, తంబాకు పెట్టుకుని రోజంతా బీడీలు చుట్టేది. చుట్టినవాటిలో వంకరపోయినవి తనే కాల్చేది. ఆ గొంతు అట్లా అయ్యిందేమో మరి.

ఎవరన్నా ఎక్కడుంటారని అడిగితే మేము గ్రాంట్ రోడ్ అని చెప్పేవాళ్లం. కామాటిపుర అంటే ఎదుటివాడి చూపు మారిపోయేది. అవతలి గల్లీలో వేరే బతుకులు ఉండేవి. ఆ ఆడవాళ్ల మీద నాకు చెడ్డమాట ఏమీ లేదు. ఒకామె నేను ఎదురైతే కొంగుముడిలోంచి చిక్కీ ముక్క తీసి ఇచ్చేది. భయమంతా వాళ్ల కోసం వచ్చి, తాగిన మత్తులో గల్లీ తప్పి మా మెట్లెక్కే మగవాళ్లతోనే. అందుకని మా వైపు తలుపుల మీద సుద్దతో 'ఫ్యామిలీ' అని రాసి ఉండేది. తాగినవాడు అక్షరాలు చదువుతాడా? వాడిని ఆపేవి రెండే. గుమ్మం ముందు మగవాడి చెప్పులు, దండెం మీద మగవాడి అంగీ.

మా నాయన తాపీపని చేసేవాడు. ఎక్కడో దూరాన ఆనకట్ట కడుతున్నారంటే మేస్త్రీతో పోయాడు. పోయేటప్పుడు తన మంచి అంగీ, తోలు చెప్పులు ఇంట్లోనే పెట్టి పోయాడు, పనిమీద పాడవుతాయని. వానాకాలం మధ్యలో ఒకనాడు మేస్త్రీ ఒక్కడే వచ్చాడు. పైకి రాలేదు. నాయనమ్మను మెట్ల కిందికి పిలిపించుకుని చెప్పాడు. కట్టమీద నుంచి కాలు జారిందట. దారులు తెగిపోయి ఉంటే అక్కడే దహనం చేశారట.

నాయనమ్మ పైకి వచ్చింది. ఏడవలేదు. తలుపు మూసింది. ఇత్తడి స్టవ్‌కు గాలి కొట్టి, మంట హోరుమనేదాకా కొట్టి, దానిమీద ఏ గిన్నే పెట్టకుండా వదిలేసింది. అప్పుడు మా అమ్మను దగ్గరికి లాక్కుని చెప్పింది. ఆ హోరులో అమ్మ ఏడుపు నాకే వినబడలేదు. నోరు తెరిచి ఉండటం మాత్రం కనబడింది. ఉత్త మంట ఎందుకు మండుతోందా అని నేను దాన్నే చూస్తూ కూర్చున్నాను.

అమ్మ చెయ్యి బొట్టు మీదికి పోతే నాయనమ్మ పట్టుకుంది.

"తీయకు."

"అత్తా, పాపం కాదా?"

"పాపం వస్తె నాకు రానియ్యి. గీ గల్లీల మొగదిక్కు లేదని తెలిస్తె మనకు బతుకు లేదు. నా కొడుకు ఉన్నడు. రాత్రి డ్యూటీ. పగటీలి పంటడు. గంతే."

చాల్‌లో వాళ్లకు చెప్పకపోవడానికి ఇంకో కారణం ఉంది. చెప్తే ఊరుకోలేరు. ఆడవాళ్లంతా కూడి గాజులు పగలగొట్టాలి, పుస్తె తీయాలి. పద్ధతి అది. తెలిసిందంటే చెయ్యక తప్పదు. చేశాక గల్లీ అంతా చూస్తుంది, చేసినవాళ్లకు ఇష్టం లేకపోయినా. అమ్మ అప్పుడు చిన్నది. నా కోడలు ఇప్పుడు ఉన్నంత ఉండేది. పొద్దున కూలీల అడ్డా అయిన నాకా మీద నిలబడి, కట్టే మేడల మీద సిమెంటు తట్టలు మోసి, దీపాలు పెట్టే వేళకు ఆ గల్లీలోంచే నడిచి రావాలి. బొట్టు ఉన్న ముఖంతో రావడం వేరు, లేని ముఖంతో రావడం వేరు.

ఆనాటి నుంచి మా ఇంట్లో నాయనను బతికించే పని మొదలైంది. నా వంతు చెప్పులు. పొద్దున లేవగానే గుమ్మం ముందు పెట్టాలి. ఒకనాడు ముక్కులు లోపలికి, ఒకనాడు బయటికి, ఒకనాడు ఒకటి బోర్లా. వాన పడితే కిందికి తీసుకుపోయి బురద రాసి తేవాలి. నాయనమ్మ వంతు అంగీ. రోజూ తడిపి, పిండి, దండెం మీద ఎండ తగిలే చోట ఆరేసేది. అమ్మ వంతు ఏమీ లేదు. ఆమె ఆ అంగీ వైపు చూసేదే కాదు. మడత పెట్టేటప్పుడు మాత్రం ఎవరికీ ఇచ్చేది కాదు, తనే మడిచేది.

మా పక్కన, మూల మీది ఖోలీలో ఒక ముసలామె ఉండేది. అందరూ మూలవ్వ అనేవారు. మొగుడు ఎప్పుడో పోయాడు, పిల్లలు లేరు, వెనకాముందూ ఎవరూ లేరు. నోరు మాత్రం చాల్ మొత్తానికి సరిపడేంత ఉండేది. ఆమెకూ మా నాయనమ్మకూ పడేది కాదు. నల్లా దగ్గర బిందె ముందు పెడితే కొట్లాట, చీపురు దుమ్ము ఇటు వస్తే కొట్లాట. వాళ్లిద్దరూ కొట్లాడని రోజున ఎవరికో ఒంట్లో బాగాలేదేమోనని పిల్లలం పోయి చూసేవాళ్లం.

అంగీ మొదలయ్యాక మూలవ్వకు కొత్త పని దొరికింది. నడుం మీద చెయ్యి పెట్టుకుని గ్యాలరీ అంచున నిలబడి, కింది గల్లీ అంతా వినబడేలా అరిచేది.

"ఓ వదినా! ఎప్పుడు జూసిన నీ కొడుకు అంగీయేనా? ఎండంత ఆయనకేనా? మా చీరెలు యాడ ఆరాలె, నీ నెత్తి మీదనా?"

"నీ చీరెకు ఎండెందుకే? నువ్వు తానం జేస్తె గద!" అని మా నాయనమ్మ.

లోపలికి వచ్చి గుసగుసగా మాతో అనేది: "చూసిన్రా? గీ ముండ గూడ నమ్మింది." ఆ ముఖం వెలిగిపోయేది.

ఇంకోనాడు మూలవ్వ దండెం దగ్గరే ఆగి, అంగీ కాలర్ పట్టి చూసింది. మళ్లీ అదే గొంతు. "ఏం మొగోడే నీ కొడుకు! మెడకు చెమటనే రాదా? కాలర్ మీద మైల మచ్చ లేదు. మారాజు లెక్క కూసుంటడా డ్యూటీల?"

ఆమె లోపలికి పోగానే నాయనమ్మ గుండెమీద చెయ్యేసుకుంది. తెల్లారి ఆవనూనెలో బీడీ బూడిద కలిపి కాలర్‌కు రుద్దింది. అప్పటినుంచి ఉతికాక కూడా మైల కొంచెం మిగిలేలా ఉతికేది. శుభ్రం చేయకుండా ఉతకడం ఎంత కష్టమో మా ఇంట్లోనే నేర్చుకున్నాను.

ఇంకొన్ని నెలలకు ఆ అంగీ ఎండకు వెలిసిపోయింది. మూలవ్వ ఊరుకుంటుందా? "పండుగలు వస్తున్నయి, పోతున్నయి. నీ కొడుకుకు గిదొక్కటే అంగీయా? పిసినారి! చోర్ బజార్‌ల మస్తు దొరుకుతయి, కొనియ్యరాదే!" నాయనమ్మ పళ్లు కొరుకుతూ పోయి, గళ్ల అంగీ ఒకటి, చారల లుంగీ ఒకటి తెచ్చింది. అంగీ మరీ పెద్దది. మా నాయన సన్నంగా ఉండేవాడు. ఇంటికి తెచ్చాక దాన్ని చూసి నాయనమ్మ, "కొంచెం ఒళ్లు జేసిండు, గంతే" అంది. అమ్మ మొదటిసారి నవ్వింది. ఆ నవ్వు నాకు బాగా గుర్తు, ఎందుకంటే నవ్వి, వెంటనే నోరు కొంగుతో మూసుకుంది, ఎవరో చూస్తారేమోనని.

నేను కూడా ఊరికే ఉండేదాన్ని కాదు. ఇంట్లో ఎవరూ లేనప్పుడు ఆ తోలు చెప్పుల్లో కాళ్లు పెట్టి లోపల టపాటపా తిరిగేదాన్ని. నా రెండు పాదాలూ ఒక్క చెప్పులోనే పట్టేవి. గోడకు అవతల నుంచి మూలవ్వ మా నాయనను అన్నట్టు అరిచేది. "ఓ బిడ్డా! మెల్లగ నడువ్! ముసల్దాన్ని పండనియ్యవా? డ్యూటీ జేసి వచ్చినవ్, పండుకోరాదు!"

నేను నోరు మూసుకుని పొట్ట పట్టుకుని నవ్వేదాన్ని. ఎంత మోసం చేస్తున్నామో అని గర్వంగా ఉండేది.

ఒకనాడు సాయంత్రం, అప్పుడే బత్తీలు వెలిగించే వేళ, నిజంగానే ఒకడు ఎక్కి వచ్చాడు. అమ్మ ఇంకా పనినుంచి రాలేదు. నాయనమ్మ సర్వపిండి కాలుస్తోంది. గిన్నె అడుగున నువ్వులు, పల్లీలు మాడే వాసన. తలుపు దబదబ కొట్టాడు. ఏదో పేరు పెట్టి పిలిచాడు. నేను నాయనమ్మ వెనక దాక్కున్నాను. నాయనమ్మ కదల్లేదు. గొంతు సవరించుకుంది. పొట్టలోంచి తీసినట్టు, బావిలోంచి తోడినట్టు ఒక్క మాట.

"కౌన్ హై రే?"

తర్వాత దగ్గు. బీడీ తాగే మగవాడు నిద్రలేచి దగ్గినట్టు, ఉమ్మినట్టు. బయట అలికిడి ఆగింది. సరిగ్గా అప్పుడు మూల ఖోలీ తలుపు తెరుచుకుంది. మూలవ్వ బయటికి వచ్చి వాడిమీద విరుచుకుపడింది.

"అరే, ఉస్కో కాయ్‌కో ఉఠాతా? ఉఠా తో ఛోడ్తా నై! పహిల్వాన్ హై వో!"

ఆయన లేచాడంటే నిన్ను వదలడు, పహిల్వాన్ అంది. వాడు "సారీ భాయీ, సారీ భాయీసాబ్" అని మా మూసిన తలుపుకు దండం పెట్టి మరీ దిగిపోయాడట. ఆ మాట మూలవ్వే తర్వాత అందరికీ చెప్పింది. చెప్పి, "గని నీ కొడుకు దగ్గు మంచిగ లేదు వదినా, కషాయం బొయ్యి" అని నాయనమ్మకు వినబడేలా అంది.

ఆ రోజు నాయనమ్మ ఒక సర్వపిండి ముక్క నా చేతికిచ్చి మూలవ్వకు పంపింది. "నేనిచ్చిన్నని చెప్పకు" అంది. మూలవ్వ తిని, "ఉప్పెక్కువైందని చెప్పు" అంది.

ఇట్లా అన్నీ బాగానే నడిచాయి, ఒక్కటి తప్ప. ఆ ఒక్కటి పెత్రమాస.

బతుకమ్మ మొదలయ్యే రోజే పెత్రమాస. పొద్దున పోయిన పెద్దలకు బియ్యం ఇవ్వాలి, సాయంత్రం ఎంగిలిపూల బతుకమ్మ ఆడాలి. మా చాల్‌కు ఒక అయ్యగారు వచ్చి గ్యాలరీ మధ్యలో చాప వేసుకుని కూర్చునేవాడు. ఒక్కో ఇంటివాళ్లు పళ్లెంలో బియ్యం, పప్పు, చింతపండు, ఉప్పు, కూరగాయలు పెట్టి తెచ్చేవారు. పోయినవాళ్ల పేరు, ఇంటిపేరు చెప్తే ఆయన మంత్రం చదివి నీళ్లు వదిలేవాడు. పోయినవాళ్లకు ఏడాది తిండి అదేనని మావాళ్ల నమ్మకం.

నాయనమ్మ మా తాతకు ఇచ్చేది. తాత తండ్రికి ఇచ్చేది. ఊళ్లో పోయిన తన మరిదికి కూడా ఇచ్చేది. కొడుకు పేరు మాత్రం చెప్పేది కాదు. ఎట్లా చెప్తుంది? దండెం మీద వాడి అంగీ ఆరుతోందాయె. పళ్లెంలో కూరగాయలు సర్దేటప్పుడు ఆమె చేతిలోకి గోరుచిక్కుడు వచ్చేది. మా నాయనకు అదంటే ప్రాణం. నువ్వులపొడి వేసి వండితే రొట్టెలన్నీ ఆయనే తినేవాడట. గోరుచిక్కుడు పళ్లెంలో పెట్టేది, మళ్లీ తీసేది, మళ్లీ పెట్టేది. ఆరోజు ఇంటికి వచ్చాక అన్నం ముట్టేది కాదు. "ఎందుకు తినవు నాయనమ్మా?" అంటే, "వాడు ఉపాసం ఉన్నడు గద" అనేది, నాతో కాదు, గోడతో.

కొడుకును ఇక్కడ బతికించి, అక్కడ ఆకలికి ఉంచుతున్నానని ఆమె బాధ. కోడలి బొట్టు నిలవాలంటే కొడుకు పస్తు ఉండాలి. అదీ లెక్క. ఆ సంగతి ఆమె ఎవరితోనూ చెప్పుకోలేకపోయింది.

నాకు కొంచెం బుద్ధి తెలిసిన ఏడు, ఎప్పుడూ వచ్చే అయ్యగారు ఒంట్లో బాగాలేక ఊరికి పోయాడు. వర్లి నుంచి వేరే అయ్యగారు వచ్చాడు. పడుచువాడు, కంచు గొంతు. పాత అయ్యగారు అన్నీ గొణిగేవాడు. ఈయన ప్రతి పేరునూ గ్యాలరీ ఆ కొసదాకా వినబడేలా పలికేవాడు.

మా నాయనమ్మ పళ్లెం పట్టుకుని వరసలో కూర్చుంది. పక్కన నేను. వెనక గోడ దగ్గర అమ్మ సాయంత్రం బతుకమ్మ కోసం ఊరి నుంచి రైల్లో వచ్చిన గునుగు పూలకు రంగులు అద్దుతోంది. ఆమె వేళ్లు ఎర్రగా, నీలంగా ఉన్నాయి. మాకంటే ముందు మూలవ్వ వంతు వచ్చింది. మొగుడి పేరు చెప్పింది. అత్తమామల పేర్లు చెప్పింది. తర్వాత ముందుకు వంగి, అయ్యగారి చెవిలో ఇంకో పేరు చెప్పింది.

ఆయనకు చెవిలో చెప్పడం ఏం తెలుసు? గొంతెత్తి పలికాడు. మా నాయన పేరు. మా ఇంటిపేరుతో సహా.

 నల్లా కింద బిందె నిండి పొర్లుతోంది, ఎవరూ కట్టెయ్యలేదు. అమ్మ చేతిలోంచి గునుగు కట్ట జారి రంగునీళ్లలో పడింది. నాయనమ్మ పళ్లెం ఒడిలోకి లాక్కుంది. బియ్యం గలగలమన్నాయి. పేరు పోయినవాళ్లలో పడింది. అందరూ విన్నారు. ఇక చేయాల్సింది చేయాలి. నా చూపు అమ్మ గాజుల మీదికి పోయింది.

మూలవ్వ తల తిప్పి అందరినీ ఒకసారి చూసింది. ఎవరో తనను కొట్టబోతున్నట్టు గయ్యిమంది.

"ఏంది గట్ల జూస్తరు? నా తమ్ముడు! నా తమ్ముని పేరు గూడ గదే!"

అయ్యగారు, "ఇంటిపేరు..." అన్నాడు.

"ఇంటిపేరు గూడ గదే! ఏం, వీండ్లకొక్కళ్లకేనా ఇంటిపేరు ఉండేది?"

మూలవ్వకు తమ్ముడు లేడు. ఆ సంగతి చాల్‌లో పసిపిల్లలకు కూడా తెలుసు. అన్న లేడు, తమ్ముడు లేడు, ఎవరూ లేరు అని కొట్లాటకొకసారి నాయనమ్మే ఆమెను ఎత్తిపొడిచేది. ఎదురు ఖోలీ ఆమె పళ్లెంలో బియ్యం సర్దుకుంటూ మెల్లగా అంది:

"అవును. మూలవ్వ తమ్ముడు. మంచోడుండె పాపం."

మెట్ల దగ్గరి ఖోలీ ఆమె అందుకుంది. "గాయన పెండ్లికి మేం బోలేదా? మస్తు బోజనాలు వెట్టిన్రు."

"మెల్లకన్ను గద గాయనకు?" అంది ఇంకొకామె.

"మెల్లకన్ను నీ మొగునికి! నా తమ్ముడు బంగారమసొంటోడు" అంది మూలవ్వ.

ఎవరో కిసుక్కున నవ్వారు. ఎవరో కళ్లు తుడుచుకున్నారు. అయ్యగారికి ఏమీ అర్థం కాలేదు. ఆయన నీళ్ల చెంబు పట్టుకుని కూర్చున్నాడు.

నాకు అప్పుడు తెలిసింది, నాయనమ్మకూ అప్పుడే తెలిసి ఉంటుంది. వీళ్లందరికీ మొదటినుంచీ తెలుసు. మేస్త్రీ మెట్ల కింద చెప్పిన మాట చెక్కమెట్ల సందుల్లోంచి ఆనాడే పైకి ఎక్కి ఉంటుంది. ఏళ్ల తరబడి ఒక మనిషి కనబడకపోతే ఎవరు నమ్ముతారు? వీళ్లను మేము మోసం చేస్తున్నామని మురిసిపోయాం. నమ్మినట్టు నటించి వీళ్లే మమ్మల్ని మోసం చేస్తున్నారు. ఎండంతా నీ కొడుకుకేనా అని మూలవ్వ అరిచింది గల్లీ వినాలని. కాలర్‌కు మైల లేదంది, మేము మరిచిపోయాం గనక. కొత్త అంగీ కొనమంది, పాతది పట్టిస్తుంది గనక. ఆ కొట్లాటలన్నీ మా ఇంటి పైకప్పుకు ఆమె వేసిన తడకలు. ఆ పైన ప్రతి పెత్రమాసకూ, గొణిగే అయ్యగారి చెవిలో, మా నాయనకు అన్నం పెడుతూ వచ్చింది.

నాయనమ్మ లేచింది. పళ్లెం పట్టుకుని మూలవ్వ ముందుకు పోయి నిలబడింది. అలవాటు కొద్దీ పిల్లలు కొందరు పక్కకు జరిగారు, కొట్టుకుంటారేమోనని. మూలవ్వ గడ్డం ఎత్తి, "ఏంది?" అంది.

నాయనమ్మ వంగింది. తన పళ్లెంలోంచి గోరుచిక్కుడు తీసి, గుప్పెడు కాదు, ఉన్నదంతా తీసి, మూలవ్వ పళ్లెంలో పెట్టింది.

"నీ తమ్మునికి గోరుచిక్కుడు అంటె పానం" అంది. "ఏటేటా మర్సిపోతున్నవ్."

   మూలవ్వ అయ్యగారి వైపు తిరిగి, "మల్ల సదువు. ఈసారి మంచిగ సదువు" అంది. ఆయన మళ్లీ చదివాడు. మా నాయన పేరు గ్యాలరీ అంతా మోగింది. ఎవరూ తల ఎత్తలేదు.

ఆరోజు నాయనమ్మ అన్నం తింది. రెండోసారి కూడా పెట్టించుకుంది.

సాయంత్రం అమ్మ గోడ పక్కనే కూర్చుండిపోయింది. పోవాలా వద్దా అని. మూలవ్వ వచ్చి, "ఏందే, ముత్తైదువవు గట్ల కూసుంటె బతుకమ్మను ఎవరు ఎత్తుకోవాలె, నీ అత్తనా?" అని కసిరి లేపింది. దాదర్ నుంచి తెచ్చిన బంతిపూలు, రైలెక్కి వచ్చిన గునుగు పూలు పేర్చిన బతుకమ్మను తనే తెచ్చి అమ్మ తలమీద పెట్టింది. అమ్మ కన్నీళ్లతోనే మెట్లు దిగింది. వెనక అందరం దిగాం. నాకు గుర్తున్నది రొట్టె, బెల్లం నలిపి చేసిన మలీద ముద్దల్లో నెయ్యి వాసన, అమ్మ వేళ్ల మీద ఇంకా పోని నీలం రంగు.

మర్నాడు పొద్దున నేను చెప్పులు బయట పెట్టాలా అని అడిగాను. నాయనమ్మ నన్ను వింతగా చూసింది. "ఎందుకు పెట్టవ్? మీ నాయిన డ్యూటీకెల్లి వచ్చిండు" అంది. అంగీ దండెం మీదికి పోయింది. మూలవ్వ బయటికి వచ్చింది.

"మల్ల వచ్చిందా? ఎండంత గీ అంగీకేనా?"

"నీ తమ్ముని పేరే గదనే నా కొడుకుకు! ఆమాత్రం ఎండ ఇయ్యవా?"

ఒక్క తేడా వచ్చింది. తమ్ముడికి మా ఇంటిపేరు తగిలించుకున్నందుకు మూలవ్వ మా ఇంటి ఆడబిడ్డనని చెప్పుకోవడం మొదలుపెట్టింది. పండుగ వస్తే రవిక బట్ట పెట్టలేదని గ్యాలరీలో పంచాయితీ పెట్టేది. నాయనమ్మ తిట్టుకుంటూ పెట్టేది. బట్ట బాగాలేదని ఆమె తిరగ్గొట్టేది. నన్ను మాత్రం "మేనకోడలా" అనేది.

నాయనమ్మ ముందు పోయింది. ఆమె పోయిన రోజుల్లో మూలవ్వ నల్లా దగ్గర ఊరికే నిలబడేది. బిందె ముందుకు జరిపి, ఎవరన్నా ఏమన్నా అంటారేమోనని చూసేది. ఎవరూ అనేవాళ్లు కాదు. తర్వాత ఆమె కూడా ఎన్నాళ్లో ఉండలేదు. అమ్మ చాలాకాలం ఉంది. పోయిననాడు చాల్ ఆడవాళ్లు ఆమెకు ఒళ్లంతా పసుపు పూసి, కాసంత బొట్టు పెట్టి, ముత్తైదువ సాగనంపు సాగనంపారు. అప్పటికి కొత్తవాళ్లు ఎంతోమంది వచ్చారు. మొగుడు ఏడీ అని ఒక్కరు అడగలేదు.

నాకు ఆ తిప్పలు రాలేదు. మా ఆయన పోయినప్పుడు నేను అద్దం ముందు నిలబడి ఆలోచిస్తుంటే, ఈ కోడలే బొట్టు స్టిక్కర్ల అట్ట తెచ్చి అద్దానికి అంటించి, బియ్యం ఏరుకోవడానికి పోయింది.

ఇప్పుడు చాల్ సగం ఖాళీ. కూలగొట్టి కొత్త మేడ కడతారట. చాలామంది దూరంగా లోకల్ రైలు ఆఖరి స్టేషన్ల వైపు పోయారు. గ్యాలరీలో దండేలు వట్టివే ఊగుతున్నాయి. పిల్లలు మరాఠీలో ఆడుకుంటున్నారు. మూల ఖోలీకి ఎప్పటినుంచో తాళం.

పోయిన పెత్రమాసకు వచ్చిన అయ్యగారికి అందరి పేర్లూ చెప్పాను. మా ఆయన, అమ్మ, నాయనమ్మ, నాయన. నాయన పేరు గట్టిగానే చెప్పాను. చివరికి మూలవ్వ పేరు చెప్పాను. ఇంటిపేరు అడిగితే నా పుట్టింటి ఇంటిపేరే చెప్పాను.

"ఈమె మీకేమైతదమ్మా?" అన్నాడు.

నోటికి వచ్చింది చెప్పాను. "మా నాయనమ్మతోని కొట్లాడేది."

ఆయన చెంబు కింద పెట్టి నా వంక చూశాడు. వరస తెలియనిదే నీళ్లు వదలడానికి ఆయనకు మనసొప్పలేదు.  అప్పుడు నా వెనక నిలబడ్డ కోడలు, చేతిలో గోరుచిక్కుడు కట్టతో, ముందుకు వంగింది.

"మా అత్తకు మేనత్త, అయ్యగారూ. నేను జూసిన. మంచిదుండె పాపం" అంది.

మూలవ్వ పోయేనాటికి మా కోడలు పుట్టనే లేదు.